మూడోసారి తిరిగొచ్చిన కుక్క

మా అక్క ఇంట్లో నోరు విప్పడం తక్కువ. అలాగని నెమ్మదస్తురాలనుకునేరు, అంత అదృష్టం మాకెక్కడిది! ఆవిడ చేతులతో మాట్లాడుతుంది. చెయ్యి అడ్డంగా చాపితే అక్కడే ఆగమని, వేలు తిప్పితే వెనక్కి తిరగమని. ఓ ఆదివారం మా బావ పేపరు పట్టుకుని గుమ్మానికి అడ్డంగా నిలబడి ఉంటే, అక్క ఓ చేత్తో చీపురు పట్టుకుని రెండో అరచెయ్యి కిందికి నొక్కింది. ఆయన మారు మాట్లాడకుండా కుర్చీలో కూర్చున్నాడు. కూర్చున్నాక అనుమానం వచ్చింది పాపం. "ఇదిగో, ఆ సైగ నాకేనా?" అన్నాడు. నేను నవ్వలేక చచ్చాను.

ఇందులో ఆవిడ తప్పేం లేదు. ఆవిడ పనిచేసేది జంతువుల షెల్టర్‌లో. రెండు వైపులా ఇనప తడికెల గదులు, మధ్యలో సిమెంటు నడవ, పైన రేకులు. ఒక కుక్క అందుకుందంటే చాలు, మిగతావన్నీ వంత పాడతాయి. ఆ రేకుల కింద పక్కన నిలబడి గొంతు చించుకున్నా మన మాట మనకే వినపడదు. అందుకని అక్కడ అందరూ చేతులతోనే మాట్లాడుకుంటారు. నీళ్ళ గొట్టం కట్టెయ్యి, గిన్నె తియ్యి, ఆ తలుపు గడియ చూడు, అన్నిటికీ ఓ సైగ. కుక్కలకీ అవే. ఎప్పుడైనా క్యారియర్ ఇవ్వడానికి వెళ్ళానంటే తలనొప్పితో బయటపడతాను. "ఇక్కడ ఎలా వేగుతున్నావక్కా?" అంటే, "నీ పిల్లల గోల కన్నా నయమేనే" అంటుంది. 

నేను పక్క వాటాలోనే ఉంటాను, బట్టలు కుడతాను. వెలుతురు బాగుంటుందని నా మిషను అక్కావాళ్ళ ముందుగదిలో వేసుకున్నాను. కాబట్టి ఆవిడ గురించి నాకు తెలియనిదేమీ లేదు, తెలియకపోయినా ఊరుకునే రకాన్ని కాదు. అక్కకి పిల్లల్లేరు. అందుకే కుక్కల్ని పట్టుకుని వేలాడుతోందని అనే పుణ్యాత్ములకి మా వీధిలో కొదవలేదు. ఆ మాట వింటే నాకు ఒళ్ళు మండుతుంది. నాకు ఇద్దరున్నారు, నేనేం ఉద్ధరిస్తున్నాను ఈ లోకాన్ని?

అసలు ఆవిడ మొదట ఓ ఫ్యాక్టరీ క్యాంటీన్‌లో పనిచేసేది. క్యాంటీన్ వెనక ఓ కుక్క ఈని, పిల్లలు కళ్ళు తెరవకముందే లారీ కింద పడి పోయింది. అక్క ఆ పిల్లల్ని బుట్టలో వేసుకుని షెల్టర్‌కి మోసుకెళ్ళింది. చోటు లేదమ్మా అన్నారు వాళ్ళు. "చోటు లేకపోతే చేద్దాం" అని అక్కడే చీపురు అందుకుందిట. సామాన్ల గది ఖాళీ చేసి, కడిగి, పాత గోనెలు పరిచి, పిల్లల్ని అందులో పడుకోబెట్టి మరీ ఇంటికొచ్చింది. మర్నాడు క్యాంటీన్‌కి వెళ్ళలేదు. బావ అడిగితే, "ఆ పిల్లలు కళ్ళు తెరిచేదాకానే లెండి" అంది. ఆ పిల్లలు కళ్ళు తెరిచాయి, పెరిగాయి, ముసలివై కాలం కూడా చేశాయి. ఈవిడ మాత్రం ఇంకా అక్కడే ఉంది.

షెల్టర్ గేటు దగ్గర తెల్లారేసరికి ఏముంటుందో బ్రహ్మకైనా తెలియదు. అట్టపెట్టెలో పిల్లికూనలు, గోనెసంచిలో కుక్కపిల్లలు, ఇల్లు మారుతూ ఎవరో గేటు ఊచకి కట్టేసి పోయిన ముసలి కుక్క. అక్క తిడుతూనే లోపలికి తీసుకుంటుంది. ఒకావిడ తన కుక్క ఈనిన ప్రతిసారీ పిల్లల బుట్ట పట్టుకుని వచ్చేది. "దేవుడిచ్చిన పిల్లలమ్మా, ఎలా కాదంటాం?" అని కళ్ళొత్తుకునేది. "దేవుడు మీ ఇంటికిచ్చాడు తల్లీ, మా గేటుకి కాదు" అంది అక్క. "ఈసారికి తీసుకుంటాను. రేపు తల్లిని, ఇక పిల్లలు పుట్టకుండా ఆపరేషన్‌కి తీసుకురండి. లేదా జీవితాంతం మీరు బుట్ట మోస్తూ ఉండండి, నేను ఏడుస్తూ ఉంటాను." ఆవిడ తీసుకొచ్చింది. ఇంకొకాయన తన మగకుక్కకి ఆపరేషన్ అనగానే తెల్లబోయి, రెండు చేతులూ ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాడు. "ఆపరేషన్ మీకు కాదండీ, కుక్కకి. మీరు బయట టీ తాగి రండి" అని పంపింది అక్క. ఎంత చేసినా మూరెడు తోడితే బారెడు ఊరుతుంది. ఉన్న గదులకి రెట్టింపు కుక్కలు ఎప్పుడూ ఉంటాయి అక్కడ. ఒకటి బయటికి వెళితేనే ఇంకొకదానికి చోటు.

అందుకే ఇల్లు వెతకడం అక్కకి అన్నిటికన్నా పెద్ద పని. కుక్క కావాలని ఎవరైనా వచ్చారా, ఆడపిల్ల తరఫువాళ్ళలాగా ఆరాలు తీస్తుంది. ఇంట్లో ఎవరెవరున్నారు, పగలు ఎవరుంటారు, ఊరెళితే ఎవరికి అప్పగిస్తారు. వచ్చినవాళ్ళకి చెమటలు పడతాయి. ఇన్ని చూసి ఇచ్చినా కొన్ని తిరిగొస్తాయి. దాని కోసం ఆవిడే ఓ నియమం పెట్టింది. మూడుసార్లు తిరిగొచ్చిన కుక్కని ఇక ఎవరికీ చూపించకూడదు, వెనక దొడ్డిలోకి పంపెయ్యాలి. వెనక దొడ్డి అంటే చుట్టూ గోడ, ఓ రేకుల చూరు, ఎవరూ తీసుకోని ముసలివీ, కరిచేవీ, కోపిష్టివీ అన్నీ అక్కడే. తిండి పెడతారు, మందు వేస్తారు, అంతే. అందులోంచి ఏదీ బయటికి వెళ్ళదు.

ఇదేం నియమం అని నేను దెబ్బలాడాను. అప్పుడు చెప్పింది. ఇదివరకు ఓ నల్ల కుక్క ఉండేదిట. ఇళ్ళకి వెళ్ళడం, తిరిగి రావడం, వెళ్ళడం, రావడం. చివరికి ఎవరు తలుపు తీసినా గోడవైపు తిరిగి పడుకునేదిట. అలాగే తిండి మానేసి పోయింది. "నమ్మించి నమ్మించి దాని ఉసురు పోసుకున్నానే. మూడుసార్ల కన్నా ఎక్కువ ఎవరినీ మోసం చెయ్యకూడదు" అంది.

ఇక అసలు కథకి వస్తాను. షెల్టర్‌లో ఓ తెల్ల ఆడకుక్క ఉండేది. ఒంటిమీద ఎక్కడా మచ్చ లేదు, కళ్ళు మాత్రం నీళ్ళు కలిపినట్టు లేత రంగు. గోడ పక్కన ఒంటరిగా తిరుగుతుంటే కూనగా ఉన్నప్పుడే తెచ్చారు. అక్కకి అదంటే ప్రాణం. అంత బుద్ధిమంతురాలు ఇంకోటి లేదనేది. చెయ్యి నొక్కితే కూర్చుంటుంది, అడ్డం పెడితే ఆగుతుంది, సైగ చేసేలోపే అర్థం చేసుకుంటుంది. "మా బావ కన్నా చురుకా?" అంటే, "చాలా" అని ఒప్పుకుంది.

మొదట ఓ సంసారం వాళ్ళు తీసుకెళ్ళారు. కొన్నాళ్ళకే తిరిగి తెచ్చారు. పిలిస్తే రాదు, గేటు తీస్తే రోడ్డు మీదికి పోయి నిలబడుతుంది, వెనక బండి హారన్ కొట్టినా కదలదు, మాకు భయంగా ఉందన్నారు. రెండోసారి ఓ గోడౌన్ యజమాని కాపలాకి తీసుకున్నాడు. దొంగలు వెనక షట్టర్ పగలగొట్టి సామాను మోసుకుపోతుంటే ఇది హాయిగా నిద్రపోయింది. దొంగల్లో ఒకడు దీన్ని దాటుకుని వెళ్ళాడట కూడా! "ఎంత అరిచినా చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టేనమ్మా, వట్టి మొండిది" అని ఆయన తాడుతో సహా అప్పగించి పోయాడు. అప్పటినుంచీ దాని పేరు మొండి అయి కూర్చుంది.

మూడోసారి తీసుకున్నది మా పెద్ద వీధిలో సెలూన్ ఆయన. ఆయన్ని ఎరగనివాళ్ళు లేరు. మెడకి గుడ్డ చుట్టింది మొదలు ఆయన నోరు కత్తెరతో పోటీ పడుతుంది. మనం లేచేలోపు మన అత్తగారి మోకాలి నొప్పి దాకా అన్నీ అడిగి తెలుసుకుంటాడు. భార్య పోయి ఏడాది కావస్తోంది. షాపులో అదే మాట, అదే నవ్వు. ఇంట్లో మాట్లాడటానికి మనిషి లేదు. అక్క ఆరాలన్నీ విని, "నాకు వేరే ఏం వద్దమ్మా. తలుపు తీసి పిలిస్తే ఓ ప్రాణం ఎదురొస్తే చాలు" అన్నాడట. అక్కకి మనసు కరిగిపోయి మొండిని ఇచ్చింది.

ఆయన దాన్ని తిరిగి తెచ్చిన రోజు నేను షెల్టర్‌లోనే ఉన్నాను, చలికి కుక్కల కింద వెయ్యడానికి బొంతలు కుట్టి తీసుకెళ్ళాను. ఆయన మొండిని పట్టుకుని గేటు బయట నిలబడ్డాడు. లోపలికి రాలేదు. తల వంచుకుని, "దానికి నేనంటే గిట్టదమ్మా" అన్నాడు. "ఎన్నిసార్లు పిలిచినా తల తిప్పదు. నేను మాట్లాడుతుంటే అటు తిరిగి పడుకుంటుంది. నా దగ్గర దానికి సుఖం లేదు."

అక్కకి ఎక్కడలేని కోపం వచ్చింది. మూడోసారి కదా మరి, ఆ తర్వాత ఏమిటో ఆవిడకి తెలుసు. "కుక్కకి గిట్టకపోవడం ఏమిటండీ? ప్రేమగా చూస్తే రాయి కూడా తోక ఊపుతుంది. మీకు చూసే ఓపిక లేక దానిమీద పెడుతున్నారు" అని నడివీధిలో కడిగేసింది. ఎప్పుడూ మాటకి మాట తడుముకోని ఆ మనిషి తాడు ఆవిడ చేతిలో పెట్టి, మొండి తలమీద చెయ్యి వెయ్యబోయి, వెయ్యకుండానే వెళ్ళిపోయాడు.

షెల్టర్ డాక్టరమ్మ అక్కని పక్కకి పిలిచి నచ్చచెప్పింది. "చిన్న వయసు కుక్క. ఇంకోసారి చూద్దాం, ఏమవుతుంది?" అంది. అక్క ఒప్పుకోలేదు. "దీనికి మినహాయిస్తే రేపు ప్రతిదానికీ మినహాయించాలి" అని తనే తీసుకెళ్ళి వెనక దొడ్డిలో వదిలింది. వదిలి వచ్చి కొళాయి కింద చేతులు అదేపనిగా కడుక్కుంటూ నిలబడింది.

సాయంత్రానికల్లా మొండిని కరిచేశాయి. కుక్కల్లో ఓ మర్యాద ఉందిట, కరిచే ముందు గుర్రుమని చెబుతాయి, తెలివైనది తప్పుకుంటుంది. ఇది తప్పుకోలేదు. ఓ ముసలి కోపిష్టి దీని వెనక నిలబడి గుర్రుమంటూనే ఉందిట, ఇది గిన్నెలో తల పెట్టి తన మానాన తను తింటూనే ఉందిట. భుజం చీరుకుపోయింది. డాక్టరమ్మ కుట్లు వేసి, "దొడ్డిలోకి పంపితే చంపేస్తాయి" అంది. ముందు గదుల్లో చూస్తే ఆ పొద్దునే ఎవరో సంచిలో పోసి పోయిన కుక్కపిల్లలు, వాటికే చోటు సరిపోలేదు. ఇక దారి లేక అక్క దాన్ని ఇంటికి తీసుకొచ్చింది.

ఇంటికి తేవడం అంటే మామూలు విషయం కాదు. మా బావకి ఉబ్బసం. కుక్క వెంట్రుక ఒకటి గాల్లో ఎగిరితే ఆయన ఛాతీలో పిల్లనగ్రోవి మొదలవుతుంది. అక్క రోజూ పెరట్లో స్నానం చేసి, బట్టలు మార్చుకున్నాకే లోపలికి వస్తుంది. అయినా ఆయన గుమ్మంలో ఆ కట్టు చూసి, "కుట్లు ఆరేదాకా ఉండనీ. నేను వెనకగదిలో పడుకుంటాలే" అన్నాడు. మా బావ ప్రెస్సులో ప్రూఫులు చూస్తాడు, మాట్లాడేది తక్కువ. ఆ రాత్రి నుంచే ఆయన ఊపిరి బరువైంది. మర్నాటికి మందు పీల్చే గొట్టం జేబులోంచి చేతిలోకొచ్చింది. నా వాటాకీ వాళ్ళ వాటాకీ మధ్య ఒక్క తలుపే, కాబట్టి మొండిని మా ఇంట్లో ఉంచుకునే ప్రశ్నే లేదు. దొడ్డిలోకి పంపితే బతకదు. ఇంకొకళ్ళకి ఇవ్వడానికి అక్క నియమం అడ్డం. ఆవిడ తిండి సహించక కంచం ముందు ఊరికే కూర్చునేది.

మూడోనాడు మధ్యాహ్నం. నేను మిషను కుడుతున్నాను. మొండి నా మిషను కాళ్ళకి ఆనుకుని నిద్రపోతోంది. అదేం ఇష్టమో, వచ్చినప్పటినుంచీ చక్రం తిరుగుతుంటే ఆ అదురుకి ఒళ్ళు ఆనించి పడుకునేది. నేను దారం మార్చడానికి ఆగి, మోచెయ్యి తగిలించి పైనున్న గుండీల డబ్బా పడేశాను. రేకు డబ్బా, నిండా గుండీలు, సరిగ్గా దాని తల పక్కన గచ్చు మీద పడింది. ఇల్లంతా ఠంగున మోగిపోయింది. ఉబ్బసంతో సెలవు పెట్టి వెనకగదిలో పడుకున్న బావ, "ఏమైంది? ఏమైంది?" అని లేచి కూర్చున్నాడు. వంటింట్లోంచి అక్క పరిగెత్తుకొచ్చింది.

మొండి నిద్రపోతూనే ఉంది. గుండీలు దాని చెవి దగ్గర గిరగిరా తిరిగి ఆగాయి. చెవి కూడా కదపలేదు.

"నిద్రమత్తు మొహంది" అన్నాను నేను. అక్క దాని వెనక్కి వెళ్ళి వంగి, "మొండీ" అని పిలిచింది. గట్టిగా పిలిచింది. షెల్టర్‌లో కూడా అంత గట్టిగా అరిచి ఉండదు. లేదు. చేత్తో వీపు మీద తడితే కళ్ళు తెరిచింది. అప్పుడు నన్ను సైగ చేసి దాని ఎదురుగా కూర్చోబెట్టింది. అది నా మొహం చూస్తుండగా, వెనకనుంచి స్టీలు పళ్ళేన్ని గరిటెతో వాయించింది. నా చెవులు గింగిర్లెత్తాయి. అది మాత్రం ప్రశాంతంగా నా మొహంలోకే చూస్తోంది, తోక కూడా ఊపుతోంది.

అక్క పళ్ళెం పట్టుకునే కూలబడింది. "వినపడదే దీనికి" అంది. "ఓసి నా తల్లీ, నీకు వినపడదటే!"

ఆ తర్వాత ఆవిడ ఏడ్చిన ఏడుపు నేను మా అమ్మ పోయినప్పుడు చూశాను, మళ్ళీ ఇప్పుడే. షెల్టర్‌లో ఎవరు మాత్రం ఎలా కనిపెడతారు? ఆ మోతలో ఏ కుక్కనీ ఎవరూ నోటితో పిలవరు. అందరూ చేతులే ఊపుతారు. తిండి బండి వస్తే పక్కవి లేచేవి, వాటిని చూసి ఇదీ లేచేది. అందరిలోకీ చురుకైనది అనుకున్నారు. చురుకే మరి, కళ్ళతోనే బతికింది పాపం. గోడౌన్ ఆయన నోటితో ఆ చెవిటి సామెత అననే అన్నాడు, అది విని నవ్వుకున్నాం తప్ప మాలో ఒక్కరికీ తట్టలేదు. అక్క ఫోన్ చేస్తే డాక్టరమ్మ, "ఒళ్ళంతా తెల్లగా పుట్టినవాటిలో ఇలా ఉంటుంది. నేనైనా అనుమానపడాల్సింది" అని ఆవిడా బాధపడింది.

కాసేపటికి అక్క కళ్ళు తుడుచుకుని లేచింది. "పద, సెలూన్‌కి" అంది.

నాకు ప్రాణం లేచొచ్చింది. "ఆయనకి మళ్ళీ ఇస్తావా?"

"ఇవ్వను. అడగను కూడా. మూడుసార్లు అయిపోయాయి. ఆ మనిషిని అన్ని మాటలన్నాను, ఆయన చెప్పింది అక్షరాలా నిజం. ఆ విషయం చెప్పి వచ్చేస్తాను. దీన్ని డాక్టరమ్మకి చూపించి అటునుంచి అటే..." అని ఆగిపోయింది. అటే ఎక్కడికో ఆవిడకే తెలియదు.

ఆటోలో ముగ్గురం వెళ్ళాం, ఆవిడా నేనూ మొండీ. మొండిని ఆటోలోనే డ్రైవరుకి అప్పగించి ఇద్దరం లోపలికి వెళ్ళాం. మధ్యాహ్నం కదా, బేరాల్లేవు. సెలూన్ ఆయన కింద పడ్డ జుట్టు ఊడుస్తున్నాడు. అక్కని చూసి చీపురుతో సహా ఓ అడుగు వెనక్కి వేశాడు.

"అన్నయ్యగారూ" అంది అక్క. కుక్కల మోతకి అలవాటుపడ్డ ఆ గొంతు పక్క షాపుకి వినపడి ఉంటుంది. "ఆ రోజు మిమ్మల్ని నోటికొచ్చినట్టు అన్నాను. తప్పు నాది. ఆ కుక్కకి వినపడదండీ. పుట్టు చెవుడు. మాకే తెలియలేదు."

ఆయన అర్థం కానట్టు చూశాడు. "వినపడదా?"

"బొత్తిగా వినపడదు."

"నేను పిలిచింది? అన్ని రోజులు, అన్నిసార్లు..."

"ఒక్కటీ వినలేదు."

ఆయన చీపురు గోడకి ఆనించి, బేరగాళ్ళు కూర్చునే కుర్చీలో మెల్లగా కూర్చున్నాడు. "అయితే నేనంటే గిట్టక కాదన్నమాట" అన్నాడు. "ఏదో నాలోనే లోపం ఉంది కాబోలు, ఎవరూ నా దగ్గర నిలవరు అనుకున్నానమ్మా. చివరికి కుక్క కూడా మొహం తిప్పుకుందే అని... ఆ రోజు ఇంటికెళ్ళి తలుపు వేసుకుని కూర్చున్నాను."

అక్క, "నన్ను క్షమించండి" అంది. అంతే, ఇక గమ్మున నిలబడింది. అడగవే, అడుగు, అని నేను లోపల గింజుకుంటున్నాను. వెనకనుంచి గిల్లాను కూడా. అబ్బే, ఈవిడ కదిలితేగా! "వస్తామండీ" అని తిరిగింది.

"అది ఎలా ఉందమ్మా?" అన్నాడాయన.

నియమం మా అక్కది, నాది కాదు. "మీరే చూడండి" అని ఒక్క ఉదుటున బయటికెళ్ళి మొండిని లోపలికి తీసుకొచ్చాను. అక్క చూసిన చూపుకి నేను బూడిదైపోవాల్సింది.

భుజం మీద కట్టు చూసి ఆయన, "అయ్యో, ఏమైంది?" అని లేచాడు. నేను దొడ్డి సంగతంతా చెప్పేశాను, ఒక్క ముక్క దాచలేదు. ఆయన విన్నాడు. విని, మళ్ళీ కూర్చున్నాడు. రెండు చేతులూ నలుపుకుంటూ, "అబద్ధమెందుకు చెప్పను? నాకు దానిమీద జాలిగానే ఉంది" అన్నాడు. "కానీ నేను మాట్లాడకుండా బతకలేనమ్మా. ఇంట్లో నా మాట వినడానికి ఓ ప్రాణం ఉండాలనే దాన్ని తీసుకున్నాను. వినపడనిదాన్ని పెట్టుకుని నేనేం చెప్పను, ఎవరికి చెప్పను?"

అక్క తల ఊపింది. "న్యాయమైన మాటే చెప్పారు" అని తాడు కోసం చెయ్యి చాపింది.

మొండి మాత్రం కదలడం లేదు. ఆయన మాట్లాడినంతసేపూ ఆయన పెదాలవైపు, కళ్ళవైపు చూస్తూనే ఉంది. ఆయన ఆగినా చూపు తిప్పలేదు. ఇంకా ఏమైనా చెబుతాడేమో అన్నట్టు మెడ కాస్త ముందుకి పెట్టింది.

"ఇదేమిటమ్మా, ఇలా చూస్తోంది?"

"వినపడదు కదండీ, మొహం చూసే అన్నీ కనుక్కుంటుంది. మీరు బాగున్నారా, బాధలో ఉన్నారా, కోపమా అని. అటు తిరిగి పడుకున్నప్పుడు మీరు మాట్లాడుతున్నట్టే దానికి తెలియదు. ఎదురుగా ఉంటే ఎంతసేపైనా ఇలాగే చూస్తుంది."

ఆయన చూపు గోడకున్న పెద్ద అద్దం మీదికి వెళ్ళింది. "ఇన్నేళ్ళుగా ఈ షాపులో మాట్లాడుతూనే ఉన్నాను" అన్నాడు. "కుర్చీలో కూర్చున్న ప్రతివాడూ ఆ అద్దంలో తన మొహం చూసుకుంటూ ఊఁ కొడతాడు. నా మొహం చూస్తూ విన్నది మా ఆవిడొక్కతే."

ఆయన మొండివైపు తిరిగి కూర్చున్నాడు.

"దీన్ని ఎలా పిలవాలమ్మా?"

అక్క నాకు సైగ చేస్తే నేను మొండిని గది ఆ చివరికి తీసుకెళ్ళి తాడు విప్పాను. అక్క చెయ్యి చాపి, వేళ్ళు తనవైపుకి మెల్లగా మడిచి చూపించింది. ఆయన కంగారులో అరచెయ్యి కిందికి నొక్కినట్టు ఊపాడు. మొండి బుద్ధిగా కూర్చుంది. "చూశారా, రాదు" అన్నాడు, పిల్లాడిలా. "వస్తుంది. మీరు కూర్చోమన్నారు, కూర్చుంది. ఈసారి పిలవండి" అంది అక్క.

ఆయన మళ్ళీ చెయ్యి చాపాడు. వేళ్ళు తనవైపు మడిచాడు.

మొండి లేచింది. కుట్లున్న భుజంవైపు కాలు కుంటుకుంటూ, ఆయన మొహంలోంచి చూపు తిప్పకుండా, ఆ గదంతా నడిచి వెళ్ళి నుదురు ఆయన మోకాలికి ఆనించింది.

ఆయన దాని తలమీద చెయ్యి వేసి మావైపు చూశాడు. కళ్ళు ధారలు కడుతున్నాయి, తుడుచుకోవాలని కూడా తోచలేదు ఆ మనిషికి.

"వచ్చిందమ్మా" అన్నాడు. "పిలిస్తే వచ్చింది."

మా అక్క ఏదో చెప్పబోయింది, నోరు పెగల్లేదు. చెయ్యి ఎత్తింది, ఏ సైగ చెయ్యాలో అదీ తెలియలేదు. గోడవైపు తిరిగి నిలబడింది. నేను ఆటో అతనికి డబ్బులిచ్చి, మొండి కోసం ఇక ఆగక్కర్లేదని చెప్పి పంపించేశాను.